రెట్రోటింక్-5ఎక్స్ ప్రో: పాత పీఎస్2కి కొత్త టీవీలో మళ్ళీ బొమ్మ పడింది

మాది ఖమ్మంలో, వైరా రోడ్డులో ఫోటో స్టూడియో. పొద్దున్నుంచి రాత్రి దాకా పెళ్ళి ఆల్బమ్‌లు, పాస్‌పోర్ట్ ఫోటోలు, రంగులు సరిచేయడం, మొహం మీద పడ్డ నీడ తీసేయడం. ఇరవై ఏళ్ళుగా ఇదే పని. అందుకే టీవీలో బొమ్మ కాస్త పక్కకి సాగినా, ఎరుపు రంగు అంచు దాటి కారినా నా మనసు ఒప్పుకోదు. పాత గేమ్ పెట్టెల బొమ్మని కొత్త టీవీకి తగ్గట్టు మార్చే రెట్రోటింక్-5ఎక్స్ ప్రో అనే పెట్టె గురించిన ఈ రివ్యూ ఇంత పొడుగ్గా ఉండటానికి కారణం కూడా అదే.

మా ఇంట్లో పీఎస్2, అంటే సోనీ వాళ్ళ ప్లేస్టేషన్ 2 గేమ్ పెట్టె, 2007 నుంచీ ఉంది. అక్క హైదరాబాద్‌లో ఉద్యోగంలో చేరిన కొత్తలో, మొదటి జీతాలు దాచి కొనిపెట్టింది. అప్పటికి మా హాల్లో 21 అంగుళాల డబ్బా టీవీ. పసుపు, తెలుపు, ఎరుపు వైర్లు మూడూ గుచ్చితే చాలు, బొమ్మ పడేది. ఎక్కడా మసక లేదు, వణుకు లేదు. ఆ టీవీని తర్వాత పాత సామాన్ల బండికి మూడు వందలకి ఇచ్చేశాం. నేను ఇప్పటికీ బాధపడే పని అది.

2020లో 43 అంగుళాల 4కే టీవీ కొన్నాం. మా వాడికి ఏడేళ్ళు వచ్చాక, "నాన్నా, నీ చిన్నప్పటి గేమ్ చూపించవా" అంటే అటక మీద నుంచి పీఎస్2 దించాను. టీవీ వెనక పసుపు రంధ్రమే లేదు. దాని బదులు హెడ్‌ఫోన్ పిన్ను పట్టేంత చిన్న బెజ్జం ఉంది. దానికి ఓ పొట్టి వైరు వాడాలి. బజార్లో దొరికిన వైరు పెడితే బొమ్మ రాలేదు, స్పీకర్లో గరగర మాత్రం వచ్చింది. ఆ పిన్ను మీద మూడు నల్ల గీతలుంటాయి. వాటి మధ్య ఏ ముక్కలో బొమ్మ వెళ్తుంది, ఏ ముక్క ఎర్త్ అన్నది టీవీని బట్టి మారుతుంది. పిన్ను ఒకేలా ఉంది కదా అని ఏ వైరు పడితే ఆ వైరు పనిచేయదు. టీవీ డబ్బాలో ఇచ్చిన వైరు వెతికి పెడితే అప్పుడు వచ్చింది బొమ్మ.

వచ్చిన బొమ్మ చూసి మా వాడు అడిగిన మొదటి మాట, "నాన్నా, ఇది ఎందుకిలా తడిసిపోయినట్టుంది?"

సరిగ్గా అన్నాడు. వానలో నానిన ఫోటోలా ఉంది. మనుషులు లావుగా సాగిపోయారు, అక్షరాల చుట్టూ రంగుల చీమలు పాకుతున్నాయి, కారు మలుపు తిరిగితే అంచులు దువ్వెన పళ్ళలా చీలిపోతున్నాయి. పైగా బటన్ నొక్కిన కాసేపటికి గానీ తెర మీద ఏమీ కదలడం లేదు. చాలామంది ఇక్కడే "పాత గేమ్స్ అంతేలే, అప్పట్లో మనకి తెలియలేదు" అని పెట్టె మళ్ళీ అటకెక్కిస్తారు. నేను ఎక్కించలేదు. మా డబ్బా టీవీలో ఆ బొమ్మ ఎంత శుభ్రంగా ఉండేదో నాకు బాగా గుర్తుంది. పెట్టె మారలేదు, డిస్క్ మారలేదు. మారింది మధ్యలో వైరు, చివర టీవీ. తప్పు ఆ రెండింట్లోనే ఉండాలి కదా.

మొదట వైరు సంగతి. పసుపు వైరులో వెలుగు, రంగు రెండూ కలిసిపోయి ఒకే తీగ మీద వస్తాయి. చివర టీవీ వాటిని మళ్ళీ విడదీయాలి. పాలూ నీళ్ళూ కలిపేశాక విడదీయమన్నట్టే, పూర్తిగా విడిపోవు. అక్షరాల చుట్టూ కనిపించే రంగుల చీమలు ఆ విడిపోని భాగమే. ఎస్-వీడియో అనే ఇంకో రకం వైరులో వెలుగుకి ఒక దారి, రంగుకి ఇంకో దారి ఉంటాయి. కాంపోనెంట్ అనే మూడో రకంలో ఆకుపచ్చ, నీలం, ఎరుపు పిన్నులతో మూడు దారులు ఉంటాయి. పీఎస్2 కాంపోనెంట్ కూడా ఇస్తుందని నాకు ఇన్నేళ్ళూ తెలియదు. డబ్బాలో పసుపు వైరే ఇచ్చారు, అదే వాడాం.

ఇక టీవీ సంగతి. పాత డబ్బా టీవీ ఒక్కో బొమ్మని రెండు విడతలుగా గీసేది. ముందు బేసి గీతలు, తర్వాత వాటి మధ్యలో సరి గీతలు, మంచానికి నవారు అల్లినట్టు. అమెరికా, జపాన్ పద్ధతిలో అలా 480 గీతలు, మన పద్ధతిలో 576. దీన్నే 480ఐ, 576ఐ అంటారు. పీఎస్2 గేమ్స్‌లో ఎక్కువ భాగం ఇలాగే వస్తాయి. అంతకుముందు తరంలో, అంటే మొదటి ప్లేస్టేషన్, మనం క్యాసెట్లు గుచ్చి ఆడిన గేముల కాలంలో, రెండో విడత లేకుండా ఒకే చోట 240 గీతలు మళ్ళీ మళ్ళీ గీసేవారు. అది 240పీ. డబ్బా టీవీకి రెండూ ఒకటే. కొత్త టీవీ మాత్రం చాలాసార్లు ఆ 240పీని చూసి 480ఐ అనుకుంటుంది. లేని రెండో విడత కోసం ఎదురుచూసి, రెండు వేర్వేరు క్షణాల బొమ్మల్ని ఒకదాంట్లో ఒకటి జొప్పిస్తుంది. దెబ్బ తగిలిన హీరో టపటపా మెరుస్తూ కనిపిస్తాడు చూడండి, ఆ మెరుపు సగం గీతలు చీలిన నీడలా మారిపోతుంది. ఒక్కోసారి మనిషే మాయమైపోతాడు. గేమ్‌లో లోపం ఏమీ లేదు. చదవాల్సినవాడు తప్పు చదివాడు, అంతే.

దీనికి మందు వెతుక్కుంటూ నేను ముందు కొన్నది, అందరూ కొనేదే. ఏడెనిమిది వందల్లో దొరికే చిన్న ఏవీ-టు-హెచ్‌డీఎంఐ పెట్టె. కొనే ముందు ఒక్క మాట: పెట్టె మీద "ఏవీ2హెచ్‌డీఎంఐ" అని ఉండాలి. అచ్చం అలాగే కనిపించే "హెచ్‌డీఎంఐ2ఏవీ" కూడా పక్కనే అమ్ముతారు. అది ఉల్టా పని చేస్తుంది, కొత్త పెట్టెని పాత టీవీకి కలుపుతుంది. మా ఫ్రెండ్ ఒకాయన రెండుసార్లు అదే తెచ్చుకున్నాడు. నేను సరైనదే తెచ్చాను. దాని పక్కన 720, 1080 అని ఓ బుల్లి స్విచ్. 1080 వైపు నొక్కితే టీవీ మూల "1080పీ" అని చూపిస్తుంది, చూడగానే ఆశ పుడుతుంది. కానీ లోపలికి వెళ్ళేది అదే పసుపు వైరు. 240పీని అదీ 480ఐ అనే అనుకుంటుంది. వెడల్పు తక్కువున్న పాత బొమ్మని లాగి టీవీ వెడల్పంతా నింపేస్తుంది. నా దగ్గరికి వచ్చి, స్టాంపు సైజు ఫోటో ఇచ్చి ఫ్లెక్సీ వేయమనే వాళ్ళుంటారు. వేయొచ్చు, వేస్తే ఎలా ఉంటుందో నాకు తెలుసు. ఇదీ అలాంటిదే. ఈ పెట్టెతో ఆగిపోకండి, ఇది పరిష్కారం కాదు.

రెండో మెట్టు కాంపోనెంట్ వైరు. ఇది నిజంగా పనికొచ్చింది. పీఎస్2 వెనక ఉండే ఏవీ మల్టీ అవుట్ రంధ్రం మొదటి ప్లేస్టేషన్, పీఎస్2, పీఎస్3 మూడింటికీ ఒకటే. అంటే పీఎస్3 కోసం చేసిన కాంపోనెంట్ వైరు పీఎస్2కి అచ్చంగా సరిపోతుంది. "పీఎస్2 వైరు" అని అడిగితే లేదన్న షాపులోనే, "పీఎస్3 కాంపోనెంట్ వైరు" అంటే దుమ్ము దులిపి ఇచ్చారు. ఒక్క జాగ్రత్త. మొదటి ప్లేస్టేషన్ పెట్టె నుంచి కాంపోనెంట్ రాదు, రంధ్రం పట్టినా బొమ్మ రాదు. దాని డిస్కులు పీఎస్2లో వేసుకోండి.

వైరు తెచ్చి, ఆ రంధ్రాలున్న మా తోడల్లుడి ఇంటి టీవీకి తగిలించాం. తెర మొత్తం పచ్చగా అయిపోయింది. పొలంలో నిలబడి పచ్చ కళ్ళద్దాలు పెట్టుకున్నట్టు. వైరు పాడైందని ఆయన, పీఎస్2 పోయిందని నేను, ఇద్దరికీ టెన్షన్. గంట సేపు పిన్నులు మార్చి మార్చి పెట్టాక తెలిసిందేమిటంటే, పీఎస్2 లోపల ఓ సెట్టింగ్ ఉంది. డిస్క్ లేకుండా ఆన్ చేసి, సిస్టమ్ కాన్ఫిగరేషన్‌లోకి వెళ్తే "కాంపోనెంట్ వీడియో అవుట్" అని వస్తుంది. అందులో ఆర్‌జీబీ అని ఉంటే పచ్చదనం తప్పదు, వై అక్షరంతో మొదలయ్యే రెండోదానికి మార్చాలి. ఆ పచ్చ తెర మీద అక్షరాలు చదవడం కష్టం కాబట్టి ముందు పసుపు వైరుతో పెట్టి ఈ సెట్టింగ్ మార్చుకుని, తర్వాత కాంపోనెంట్ తగిలించండి.

మార్చాక వచ్చిన బొమ్మ చూసి ఇద్దరం కాసేపు మాట్లాడలేదు. రంగుల చీమలన్నీ ఎక్కడివక్కడ మాయం. ఎరుపు ఎరుపులాగే ఉంది, అంచు దగ్గర ఆగింది. ఖర్చు వెయ్యి లోపే. ఈ వ్యాసంలో ఒక్కటే గుర్తు పెట్టుకుంటానంటే దీన్ని పెట్టుకోండి: ఖరీదైన పెట్టె కొనే ముందు వైరు మార్చండి. వైరులో పోయిన రంగుని తర్వాత ఏ యంత్రమూ తిరిగి తేలేదు.

అయితే రెండు చిక్కులు మిగిలాయి. ఒకటి, మా ఇంటి టీవీకి కాంపోనెంట్ రంధ్రాలే లేవు, కొత్త టీవీల్లో చాలావాటికి ఉండవు. పీఎస్2 వెనక గుచ్చే చిన్న హెచ్‌డీఎంఐ తోక ఒకటి దొరుకుతుంది, అది కాంపోనెంట్‌నే తీసుకుని డిజిటల్ చేసి పంపుతుంది. పసుపు వైరు పెట్టె కన్నా చాలా నయం. కానీ అది గీతల్ని ముట్టుకోదు, వచ్చినవి వచ్చినట్టు టీవీకి అప్పజెప్తుంది. దువ్వెన పళ్ళు అలాగే ఉన్నాయి. రెండో చిక్కు ఇంకా పెద్దది. మొదటి ప్లేస్టేషన్ డిస్క్ వేస్తే ఆ తోకతో మా టీవీ "సిగ్నల్ లేదు" అంటుంది. హెచ్‌డీఎంఐలో వచ్చే 240పీ అన్నది ఆ టీవీకి తెలియని భాష.

అక్కడ మొదలైంది రెట్రోటింక్ కథ. అమెరికాలో మైక్ చి అనే ఇంజనీర్ ఇలాంటి పెట్టెలు తయారు చేస్తున్నారు. 5ఎక్స్ ప్రో 2021లో వచ్చింది, అప్పట్లో అక్కడ మూడు వందల డాలర్ల ప్రాంతం. మన లెక్కలో పాతిక వేలు. నేను కొనలేదు. అక్క ఇప్పుడు న్యూజెర్సీలో ఉంటుంది. ఫోన్లో నా గోడు విని, దసరాకి వస్తూ సూట్‌కేస్‌లో ఊరగాయ జాడీ ఖాళీ చేసిన చోట పెట్టి తెచ్చింది. "ఒరేయ్, పెట్టె కొన్నది నేను, బొమ్మ సరిగ్గా రాకపోతే నాకే కదరా అవమానం" అంది.

అరచేతిలో పట్టే పెట్టె. స్కార్ట్ (యూరప్ పాత టీవీల వెడల్పాటి పిన్ను), కాంపోనెంట్, ఎస్-వీడియో, పసుపు వైరు అన్నీ తీసుకుంటుంది, హెచ్‌డీఎంఐ ఒక్కటి బయటికి ఇస్తుంది. ధ్వని కూడా అదే హెచ్‌డీఎంఐలో వెళ్తుంది. చిన్న రిమోట్, తెర మీద మెనూ. లోపలి సాఫ్ట్‌వేర్‌ని యూఎస్‌బీ ద్వారా కంప్యూటర్ నుంచి కొత్తది ఎక్కించుకోవచ్చు, దానికి డబ్బు కట్టనక్కర్లేదు.

ఇది చేసే అసలు పని ఏమిటంటే, 240పీ వస్తే 240పీ అని గుర్తుపడుతుంది. లేని విడత కోసం వెతకదు. ఉన్న గీతల్ని లెక్కగా పెంచుతుంది. ఈ లెక్క నాకు చాలా నచ్చింది, ఫోటోలు పెద్దవి చేసేవాడిని కాబట్టి. మొదటి ప్లేస్టేషన్ బొమ్మ సాధారణంగా 320 చుక్కల వెడల్పు, 240 ఎత్తు, అంటే 76,800 చుక్కలు. 1080పీ టీవీలో 20,73,600. అంటే తెరంతా నింపాలంటే ఒక్కో పాత చుక్క ఇరవై ఏడు చుక్కల చోటు నింపాలి. 4కే టీవీలో అయితే నూట ఎనిమిది. ఈ నింపడం ఒక పద్ధతిలో జరగకపోతే ఒక చుక్క లావు, పక్క చుక్క సన్నం అయి, బొమ్మ కదిలినప్పుడు అలలు పోతున్నట్టు కనిపిస్తుంది.

240ని నాలుగు రెట్లు చేస్తే 960, తెరలో పైనా కిందా నల్ల పట్టీ మిగులుతుంది. ఐదు రెట్లు చేస్తే 1200, తెర 1080 మాత్రమే కాబట్టి పైన 60, కింద 60 గీతలు తెగిపోతాయి. ఆ తెగే భాగం పాత గేమ్స్‌లో చాలావరకు ఖాళీగానే ఉండేది, డబ్బా టీవీ చట్రం వెనక దాక్కునేది. అందుకే ఐదు రెట్లు పనికొస్తుంది. స్కోరు మరీ అంచున ఉండి తెగిపోయే గేమ్స్‌కి నాలుగున్నర రెట్ల పద్ధతి కూడా ఇందులో ఉంది. మా 4కే టీవీ ఇదిచ్చే 1080ని సరిగ్గా రెండింతలు చేసుకుంటుంది, 2160. ఎక్కడా భిన్నం మిగలదు. 4కే టీవీ ఉంది కదా అని 4కే పెట్టే కొనాల్సిన పని లేదని నాకు తేలింది ఇలాగే.

మొదటి ప్లేస్టేషన్ డిస్క్ వేశాం. ఏ డిస్క్‌కి టీవీ "సిగ్నల్ లేదు" అందో అదే. ఒక్క క్షణం నల్ల తెర, తర్వాత బొమ్మ. నేను కుర్చీ లాక్కుని తెరకి జానెడు దూరంలో కూర్చున్నాను, స్టూడియోలో ప్రింటు చూసినట్టు. ఒక్కో చుక్కా చతురస్రంగా, కోసినట్టు నిలబడి ఉంది. ఆకాశంలో నీలం ముదురు నుంచి లేతకి మారే చోట, రెండు నీలాల చుక్కల్ని గళ్ళ చీరలా పక్కపక్కన పేర్చి మధ్య రంగు భ్రమ కలిగించారు. తక్కువ రంగులతో ఎక్కువ చూపించడానికి అప్పటి వాళ్ళు పడ్డ కష్టం అది. డబ్బా టీవీలో ఆ చుక్కలు కలిసిపోయి మెత్తటి నీలంలా కనిపించేవి. ఇక్కడ విడివిడిగా కనిపిస్తున్నాయి. అందం తగ్గిందా, నిజం పెరిగిందా అన్నది ఎవరి రుచి వాళ్ళది. నాకు మాత్రం మెత్తటి ఆకాశమే కావాలి. అందుకు ఇందులో డబ్బా టీవీ గీతల్ని అనుకరించే మోడ్‌లున్నాయి. ఒకటి పెట్టాను, గీతల మధ్య సన్నటి చీకటి వచ్చి చుక్కల పదును తగ్గింది. బొమ్మ కొంచెం చీకటైతే టీవీ వెలుగు పెంచాను. అది చూస్తుంటే మా పాత హాలు, కిటికీ పక్కన ఆ డబ్బా టీవీ గుర్తొచ్చాయి.

తర్వాత పీఎస్2 గేమ్స్. దీనికి నేను ఏరుకున్న డిస్క్ "హనుమాన్: బాయ్ వారియర్". తెలియనివాళ్ళకి చెప్తాను, ఇది మన హైదరాబాద్‌లోని అరోనా టెక్నాలజీస్ తయారు చేసిన పీఎస్2 గేమ్, 2009లో వచ్చింది. పూర్తిగా మన దేశంలోనే తయారై ప్లేస్టేషన్‌కి వచ్చిన తొలి గేమ్‌గా దీన్ని చెప్పుకుంటారు. అదే ఏడాది హైదరాబాద్‌కే చెందిన గేమ్‌శాస్త్ర వాళ్ళు "దేశీ అడ్డా" తెచ్చారు, అందులో కబడ్డీ, గాలిపటాలు, బిళ్ళంగోడు లాంటి ఆటలు. ఈ రెండు డిస్కులూ నా దగ్గర భద్రంగా ఉన్నాయి. మన ఊళ్ళ వాళ్ళు పీఎస్2కి గేమ్ చేశారన్న సంగతి మా వాడికి చెప్పినప్పుడు వాడి కళ్ళు చూడాలి.

ఇవి 576ఐ. ఇక్కడ రెట్రోటింక్ పని వేరు. రెండు విడతల గీతల్ని కలపాలి. ఉన్నవి ఉన్నట్టు అల్లేస్తే కదలని చోట బాగుంటుంది, కదిలే చోట దువ్వెన పళ్ళు. అల్లకుండా ఒక్కో విడతనే సాగదీస్తే పళ్ళు ఉండవు కానీ కదలని అక్షరాలు వణుకుతాయి. 5ఎక్స్ ప్రో ఏ చోట కదలిక ఉందో చూసుకుని, కదలని చోట అల్లుతుంది, కదిలే చోట సాగదీస్తుంది. బాల హనుమంతుడు పరుగెత్తేటప్పుడు అంచులు కొంచెం మెత్తబడ్డాయి, అది నిజమే. కానీ చీలలేదు. మెనూలో అక్షరాలు వణకలేదు. ఆపిన చోట ఆపినట్టు, ఫోటో తీసినట్టుంది. ఒక్క సంగతి, పీఎస్2 త్రీడీ గేమ్స్‌లో మెట్ల అంచుల్లాంటి గరుకు గీతలుంటాయి. అవి గేమ్‌లోనే ఉన్నాయి కాబట్టి ఇప్పుడు ఇంకా స్పష్టంగా కనిపిస్తాయి. కొత్త గేమ్ నునుపు ఆశించకండి.

ఆలస్యం గురించి. సెకనుకి 60 బొమ్మలంటే ఒక్కో బొమ్మకి దాదాపు 16.7 మిల్లీసెకన్లు, మన 50 బొమ్మల పద్ధతిలో 20. 5ఎక్స్ ప్రోలో ఫ్రేమ్‌లాక్ (బయటికిచ్చే బొమ్మల వేగాన్ని గేమ్ వేగంతో కలిపి ఉంచే సెట్టింగ్) పెడితే అది తీసుకునే సమయం ఒక బొమ్మ కన్నా బాగా తక్కువ, చేతికి తెలియదు. చేతికి తెలిసే ఆలస్యం అంతా టీవీదే. కాబట్టి టీవీలో గేమ్ మోడ్ పెట్టండి. దాంతోపాటు షార్ప్‌నెస్ సున్నాకి దించండి, నాయిస్ రిడక్షన్ తీసేయండి, కదలిక నునుపు చేసే సెట్టింగ్ ఏ పేరుతో ఉన్నా ఆపేయండి. బొమ్మని పాత కొలతలోనే ఉంచండి, 4:3, అంటే వెడల్పు నాలుగైతే ఎత్తు మూడు. పక్కల నల్ల పట్టీలు మిగిలితే మిగలనివ్వండి. మా ఆవిడ మొదట్లో "ఏమండీ, అంత పెద్ద టీవీ పెట్టుకుని అటూ ఇటూ ఖాళీ వదిలేశారేంటి" అంది. పెళ్ళికూతురి ఫోటో రెండూ పక్కపక్కన పెట్టి చూపించాను, ఒకటి మామూలుగా, ఇంకోటి పక్కకి సాగదీసి. మళ్ళీ ఆ మాట ఎత్తలేదు. ఈ సెట్టింగ్‌లకి పైసా ఖర్చు లేదు, పాతిక వేల పెట్టె లేకపోయినా ఇవన్నీ ఈ రోజే చేసుకోవచ్చు.

దీని వల్ల కానివి కూడా చెప్పాలి. బాతుల్ని కాల్చే గేమ్ దాని పాత తుపాకీతో ఇలాంటి ఏ పెట్టె పెట్టినా కొత్త టీవీలో ఆడదు. ట్రిగ్గర్ నొక్కగానే తెర ఒక్క క్షణం నల్లబడి బాతు చోట తెల్ల గడి వస్తుంది, ఆ వెలుగుని తుపాకీ అదే క్షణంలో చూడాలి. డబ్బా టీవీ వెంటనే చూపించేది. కొత్త టీవీ చూపించేలోపు తుపాకీ కళ్ళు మూసుకుంటుంది. ఆ పాత తుపాకీ ఉన్నది ఉన్నట్టు పనిచేయాలంటే డబ్బా టీవీయే దారి. ఎవరి ఇంట్లోనైనా పనిచేసేది మిగిలి ఉంటే, దయచేసి మూడు వందలకి ఇచ్చేయకండి.

ఎవరు కొనాలి? ఒక్క పీఎస్2 మాత్రమే ఉండి, పీఎస్2 డిస్కులే ఆడేవాళ్ళు కాంపోనెంట్ వైరుతోనో, ఆ హెచ్‌డీఎంఐ తోకతోనో మొదలుపెట్టండి, చాలామందికి అక్కడే తృప్తి దొరుకుతుంది. క్యాసెట్ గేమ్ మాత్రమే ఉంటే ఇదే కుటుంబంలోని రెట్రోటింక్-2ఎక్స్ మినీ చాలు. పసుపు వైరు, ఎస్-వీడియో తీసుకుని గీతల్ని రెండింతలు చేస్తుంది, మిగతాది టీవీకి వదిలేస్తుంది, ధర చాలా తక్కువ. సోల్డరింగ్ చేతనైన వాళ్ళకి జీబీఎస్-8200 అనే చవక బోర్డుకి ఓ చిన్న కంట్రోలర్ చిప్ కలిపి, అందులో జీబీఎస్-కంట్రోల్ అనే ఉచిత సాఫ్ట్‌వేర్ ఎక్కించే దారి ఉంది. మా షాపు పక్కన మొబైల్ రిపేర్ కుర్రాడు ఆ పనిలోనే ఉన్నాడు. మొదటి ప్లేస్టేషన్ డిస్కులూ, పీఎస్2, క్యాసెట్ గేమ్ అన్నీ ఉండి, బొమ్మ మీద నాలాంటి పట్టింపు ఉన్నవాళ్ళకే 5ఎక్స్ ప్రో. పాతిక వేలు మన ఇళ్ళల్లో చిన్న మొత్తం కాదు, అక్క తేకపోతే నేను ఇంకో రెండేళ్ళు ఆగేవాడిని. తెచ్చాక మాత్రం, వారానికి నాలుగు రోజులు అది పనిలోనే ఉంది.

చివరగా క్యాసెట్ గేమ్. అక్క తిరుగు ప్రయాణానికి ముందు రోజు రాత్రి పెట్టాం. నాన్న మాకు ఎగ్జిబిషన్‌లో కొనిపెట్టిన చైనా పెట్టె, లక్షల గేమ్స్ అని రాసి ఉండే పసుపు క్యాసెట్. దీనికి పసుపు వైరు తప్ప వేరే దారి లేదు కాబట్టి ఎక్కువ ఆశ పెట్టుకోలేదు. రంగు కొంచెం కారింది, అది ఏ పెట్టె పెట్టినా కారుతుంది. కానీ గీతలు చీలలేదు. కాంట్రా అనే కాల్పుల గేమ్‌లో చచ్చి మళ్ళీ దిగిన మనిషి టపటపా మెరుస్తూ, నిండు మనిషిలా మెరిశాడు. పై నుంచి ఎగిరొచ్చిన డబ్బాని అక్క పేల్చింది. కింద పడ్డ ఎర్ర డేగ గుర్తు మీద ఎస్ అక్షరం మంచం మీద కూర్చున్నా చదవగలిగేలా ఉంది. "ఒరేయ్, అది నాది, ముట్టుకున్నావో చూడు" అంది అక్క, ముప్పై ఏళ్ళ కింద అన్నట్టే. మా వాడు మా ఇద్దరి మధ్యలో దూరి, తర్వాతి వంతు ఎవరిదని అడుగుతున్నాడు.